నల్లకోటు మన గూడెం నుంచి రావాలె



మన మంచిర్యాల జిల్లా కోయపోచగూడెం యాదికున్నదా? 2022లో పోడు భూమి కోసం నిలబడ్డ మన ఆడబిడ్డలను జైలుకు పంపిన్రు. 2006 అటవీ హక్కుల చట్టం, సెక్షన్ 4(5) ఏమంటున్నది? హక్కుల పరిశీలన పూర్తయ్యేదాకా సాగులో ఉన్నోళ్లను ఖాళీ చేయించొద్దు. ఈ మాట కోర్టులో గట్టిగ చెప్పే వకీళ్లు మనలో ఎంతమంది?

ములుగు కోయబిడ్డ సీతక్క అడవిలో తుపాకీ వదిలి లా చదివింది, వరంగల్ కోర్టులో వాదించింది. 2004లో ఓడి, 2009లో ఎమ్మెల్యే అయింది. 2014లో ఓడినా 2018లో మళ్లీ గెలిచింది. ఎమ్మెల్యేగా ఉంటూనే 2022లో ఉస్మానియా డాక్టరేట్ తీసుకున్నది. 2023లో మంత్రి అయింది.

మనక్క అని చప్పట్లు కొట్టి ఆగొద్దు. పోడు పట్టాలేవని అక్కనూ అడగాలె. అడగాలంటే చట్టం తెలవాలె. డిగ్రీ అయినోళ్లు లాసెట్ రాయండి. బోనులో నిలబడింది చాలు, ఇగ వాదించే దిక్కు నిలబడదాం.

జల్, జంగల్, జమీన్!