పిల్లల పుస్తకంలో ఒక వీధి పేరు

ఒక బడిపంతులు పేరిట జరుగుతున్న ఈ స్మారకోపన్యాసంలో పిల్లల సాహిత్యం గురించి ఏదైనా మాట్లాడమన్నారు. ఏదైనా అంటే మాట ఎటెటో పోతుంది. అందుకని ఒక్క వీధినే పట్టుకుంటాను. అది మన నంద్యాలలోనూ లేదు, ఆళ్లగడ్డలోనూ లేదు. అమెరికాలో ఆరెగాన్ రాష్ట్రం, పోర్ట్‌లాండ్ నగరం, క్లికిటాట్ స్ట్రీట్.

ఆ వీధికి చరిత్రలో చెప్పుకోదగ్గ ఘనత ఏమీ లేదు. సంసారులు కాపురముండే మామూలు వీధి. దానికి పేరు తెచ్చింది బెవర్లీ క్లియరీ అనే రచయిత్రి. 1916లో పుట్టి, 2021లో 104 ఏళ్ళ వయసులో కన్నుమూశారు. చిన్నప్పుడు పోర్ట్‌లాండ్‌లో ఆ చుట్టుపక్కలే పెరిగారు. తరువాత యాకిమా అనే ఊళ్ళో పిల్లల లైబ్రేరియన్‌గా పనిచేస్తున్నప్పుడు కొందరు మగపిల్లలు వచ్చి, మాలాంటి పిల్లల గురించి రాసిన పుస్తకాలు ఎక్కడున్నాయని అడిగారు. వెతికితే అలాంటివి దాదాపు లేవు.

ఆ ప్రశ్నకు జవాబు 1950లో వచ్చింది. పుస్తకం పేరు 'హెన్రీ హగిన్స్'. హెన్రీ ఇల్లు క్లికిటాట్ వీధిలోనే. ఎముకలు తేలిన ఊరకుక్క ఒకటి వాడి వెంట పడుతుంది. దాన్ని బస్సులో ఇంటికి తీసుకుపోవాలని వాడు పడే తిప్పలే మొదటి కథ. చివరికి పోలీసు కారులో ఇల్లు చేరతాడు. 1955లో అదే వీధిలో ఉండే అక్కచెల్లెళ్ళు బీజస్, రమోనాల మీద ఒక పుస్తకం వచ్చింది. అల్లరి రమోనా అక్కను మించిపోయింది. ఆ పిల్ల కథలు 1999 దాకా వస్తూనే ఉన్నాయి. 1977 నాటి పుస్తకంలో రమోనా తండ్రికి ఉద్యోగం పోతుంది. ఇంట్లో చేతికి డబ్బాడదు. అంత కష్టంలోనూ నాన్న చేత సిగరెట్లు మాన్పించాలని ఆ పిల్ల పంతం పడుతుంది. తండ్రి ఉద్యోగం పోయిన ఇంట్లో పిల్లకు ఏమనిపిస్తుందో మన పిల్లల పుస్తకాలు ఎన్ని చెప్పాయి? నా లెక్కకు వేళ్ళు మిగిలిపోతున్నాయి.

1995లో ఆ వీధికి దగ్గర్లోని గ్రాంట్ పార్కులో హెన్రీకి, రమోనాకు, రిబ్సీ అనే ఆ కుక్కకు కంచు విగ్రహాలు పెట్టారు. పిల్లలు నీళ్ళలో ఆడుకునే చోట పెట్టారు. 2008లో ఆమె చదివిన బడికి ఆమె పేరే పెట్టుకున్నారు. మొదటి పుస్తకానికీ విగ్రహాలకూ మధ్య 45 ఏళ్ళు గడిచాయన్నది గమనించండి. మనకు విగ్రహం తొందర ఎక్కువ.

ఇక మన సంగతి. 1947 జూలైలో మద్రాసులో 'చందమామ' మొదలైంది. చక్రపాణితో కలిసి దాన్ని నడిపిన బి. నాగిరెడ్డి మన సీమ మనిషి, కడప జిల్లా పొట్టిపాడు వాడు. ఆ పత్రిక పిల్లలకు రాజ్యాలిచ్చింది, అడవులిచ్చింది, విక్రముడి భుజాన బేతాళుణ్ణి ఎక్కించింది. కానీ అందులో ఎన్నో తరాల తెలుగు పిల్లలకు గుర్తుండిపోయిన అసలు చిరునామా పత్రికదే: వడపళని, మద్రాసు. కథలోని ఊరు మాత్రం ఎప్పుడూ 'ఒకానొక ఊరు'. నేను చందమామను తక్కువ చేయడం లేదు. రాజకుమారుడు పక్కింట్లో ఉంటే ఆ కథ నడవదు.

పక్కింటిని తెచ్చినవాడు ముళ్ళపూడి వెంకటరమణ. బాపు బొమ్మలతో వచ్చిన 'బుడుగు'లో పక్కింటి లావుపాటి పిన్నిగారు, ఆవిడ మొగుడు, సీగాన పెసూనాంబ, రెండు జెళ్ళ సీత, అందరూ ఉన్నారు. ఎదురింటి అరుగు దాకా తెలిసిన ఆ వీధిని ఫలానా ఊళ్ళో ఫలానా చోటని చూపించలేం. పేర్లు పెట్టే ధైర్యం తరువాతి వాళ్ళు చేశారు. నామిని 'మిట్టూరోడి కథలు', మహమ్మద్ ఖదీర్‌బాబు 'దర్గామిట్ట కథలు' చదివాక మిట్టూరు, దర్గామిట్ట పాఠకులకు చుట్టాలైపోయాయి. అవి పెద్దలు తమ బాల్యాన్ని తలుచుకుని రాసినవి, నిజమే. అయితేనేం, దారి పడింది. కర్నూలులో ఎం. హరికిషన్ సీమ జానపద కథలను పిల్లల దగ్గరకు చేర్చారు. ఆ పనికి పక్కనే చేయాల్సిన ఇంకో పని మిగిలి ఉంది: ఇవాళ్టి వీధిని రాయడం.

అలా రాయడానికి, రాతి విగ్రహాలు చెక్కే ఆళ్లగడ్డలో సరుకు కొరతా? ఇంటి ముందు పొద్దున్నుంచీ ఉలి దెబ్బలు. రాతిపొడి పడి జుట్టు తెల్లబడ్డ నాన్న. ముఖం ఇంకా తేలని వినాయకుడు. కనుమ నాడు అహోబిలం నుంచి పారువేటకు బయలుదేరే నరసింహస్వామి, తన పెళ్ళికి రమ్మని పిలవడానికి ఈ చుట్టుపక్కల ఊళ్ళన్నీ తిరుగుతాడని ఇక్కడి నమ్మకం. సాక్షాత్తూ దేవుడు గడప ముందుకు వచ్చి పెళ్ళికి పిలిచిపోతే చూసే ఎనిమిదేళ్ళ పిల్లకు ఎన్ని అనుమానాలు రావాలి! పెళ్ళికి ఏం గౌను వేసుకోవాలి? కట్నం ఎంత చదివించాలి? నంద్యాలలో కుందూ పొంగిన వానాకాలం ఉంది, నూనెపల్లె ఉంది, సంజీవనగర్ ఉంది. 2022 ఏప్రిల్ 4న జిల్లా కేంద్రం అయ్యాక ఈ ఊరి పేరు కాగితాల మీద ఎక్కువగా కనిపిస్తోంది. పిల్లల పుస్తకం మీద కూడా కనిపించాలి.

దేవుళ్ళను, నాయకులను చెక్కే ఆళ్లగడ్డ ఉలికి ఒక అల్లరి పిల్లను చెక్కడం కష్టమేమీ కాదు. ముందు ఆ పిల్ల కాగితం మీద పుట్టాలి.

ఈ ఉపన్యాసం జరిపిస్తున్న ధర్మనిధి పెద్దలకు నా విన్నపం ఒక్కటే. వచ్చే ఏడు ఉపన్యాసం మానేయండి. ఆ డబ్బుతో నంద్యాల, ఆళ్లగడ్డ బడిపిల్లలు తమ వీధి పేరు పెట్టి రాసిన కథలను పుస్తకంగా అచ్చేయండి. అచ్చుతప్పులు దిద్దండి. మన యాసను దిద్దకండి, చివర నీతి చేర్చకండి.