కమలాబాయి పాట ఏమైంది?



తెలుగులో మొట్టమొదటి మాటల సినిమా 'భక్త ప్రహ్లాద'. 1932లో వచ్చింది. తీసినవారు హెచ్.ఎం. రెడ్డి గారు. ప్రహ్లాదుని తల్లి లీలావతి వేషం వేసినావిడ సురభి కమలాబాయి. సురభి నాటకాల ఇంటి ఆడపడుచు. ఆ రోజుల్లో తెర వెనక వేరొకరు పాడటం లేదు. ఎవరి పాట వాళ్ళే పాడుకోవాలి.

ఆ సినిమాలో కమలాబాయి పాట ఇప్పుడు విందామంటే లేదు. ఆ సినిమా కాపీ ఒక్కటీ దొరకలేదు. ఫొటోలు, పుస్తకాల్లో రాతలు మాత్రం మిగిలాయి.

ఎందుకిలా పోతాయి పాత సినిమాలు? అప్పటి ఫిల్మును నైట్రేటు అనే పదార్థంతో చేసేవారు. నిప్పు తగిలితే భగ్గుమంటుంది. నీళ్ళు పోసినా ఆరదు. వేడికీ చెమ్మకూ జిగురు జిగురై, చివరకు పొడి అయిపోతుంది. ఇంకో సంగతి. ఆ ఫిల్ము మీద వెండి ఉంటుంది. ఆట అయిపోయింది కదా, ఇక దీనితో ఏం పని అని వెండి తీసుకుని ఫిల్మును పాడుచేసిన వాళ్ళూ ఉన్నారు. నాలుగు రూపాయల వెండి కోసం బొమ్మ పోయింది!

మాటలు రాకముందు మన దేశంలో వెయ్యికి పైగా మూగ సినిమాలు తీశారు. పూర్తిగా మిగిలినవి చాలా కొద్ది.

ఆ కొద్దీ దక్కిందంటే పి.కె. నాయర్ గారి వంటి వాళ్ళ వల్లనే. పాత సినిమాలు దాచడానికి ప్రభుత్వం 1964లో పుణేలో ఒక సంస్థ పెట్టింది. నాయర్ గారు అక్కడ చాలా ఏళ్ళు పనిచేశారు. దాదాసాహెబ్ ఫాల్కే 1919లో 'కాళీయ మర్దన్' అనే మూగ సినిమా తీశాడు. దాని ముక్కలు ఫాల్కే ఇంటివారి దగ్గర ఉంటే, నాయర్ గారు తెచ్చి కూర్చి బతికించారు.

అందులో కృష్ణుడు ఎవరనుకున్నారు? ఫాల్కే కూతురు మందాకిని! చిన్న పిల్ల. అంతకు ఆరేళ్ళ ముందు, 1913లో, ఫాల్కే 'రాజా హరిశ్చంద్ర' తీసినప్పుడు నటించడానికి ఒక్క ఆడమనిషీ దొరకలేదు. హరిశ్చంద్రుని భార్య వేషం సాళుంకే అనే వంటవాడు కట్టాడు. ఆరేళ్ళు తిరిగేసరికి ఒక ఆడపిల్ల కృష్ణుడై పాముతో పోట్లాడింది. ఆ బొమ్మను ఇప్పటికీ కళ్ళారా చూడవచ్చు.

ఫిల్మును కాపాడటం ఓపిక పని. చల్లని, పొడి గదిలో ఉంచాలి. దుమ్ము తుడవాలి. చిరిగినచోట అతకాలి. తర్వాత ఒక్కొక్క బొమ్మనే కంప్యూటర్లోకి ఎక్కించాలి. మాటల సినిమాలో ఒక్క సెకనుకు 24 బొమ్మలు. మూడు గంటల సినిమాకు రెండున్నర లక్షల పైమాటే! అయినా ఒక్క నిప్పురవ్వ చాలు. 2003 జనవరిలో పుణేలో మంటలు లేచి పాత నైట్రేటు ఫిల్ములు ఎన్నో కాలిపోయాయి.

ఇప్పుడు ఇంటి సంగతి. చాలా ఇళ్ళలో ట్రంకుపెట్టె అడుగున పాత పెళ్ళి క్యాసెట్ ఉంటుంది. పోయిన అమ్మమ్మ అందులో నవ్వుతూ అక్షింతలు వేస్తుంటుంది. చెమ్మ తగిలితే ఆ టేపుకు బూజు పడుతుంది. పొయ్యి దగ్గర పెడితే వేడికి పాడవుతుంది. క్యాసెట్ ఆడించే యంత్రాల తయారీ కూడా ఆగిపోయింది. ఉన్న యంత్రాలు మూలపడకముందే, పట్నంలో ఆ పని తెలిసిన స్టూడియోలో కాపీ తీయించుకోవాలి. దాని మీద కాగితం అంటించి, ఎవరి పెళ్ళో, ఏ ఊరో, ఏ సంవత్సరమో రాయాలి. పెళ్ళికొడుకు, పెళ్ళికూతురు పేర్లే కాదు. అక్షింతలు వేసే అమ్మమ్మ పేరు కూడా.