జాతి ఎక్కడ రాసి ఉంది?



నకిరేకల్‌లో ఈ ఉపన్యాసానికి నిర్వాహకులు నాకిచ్చిన అంశం ‘రేసు, ఎత్నిసిటీ: సమాజంలో వాటి అర్థం’. ఈ సంగతి తెలిసిన ఒక మిత్రుడు, ‘నల్లగొండ జిల్లాలో మాట్లాడేదుంటే ఫ్లోరైడు నీళ్ల గురించి మాట్లాడాలె, మూసీ మురికి గురించి మాట్లాడాలె. ఈ అమెరికా ముచ్చట నకిరేకల్‌కు దేనికి?’ అన్నాడు. అడగవలసిన ప్రశ్నే. జవాబు అమెరికా నుంచే మొదలుపెడతాను. ఎక్కువసేపు అక్కడ ఉండను.

మన పిల్లలు అక్కడికి పోగానే నింపే కాగితాల్లో ‘రేసు’ అని ఒక గడి ఉంటుంది. మనవాడు అందులో ఏషియన్ అని టిక్కు పెడతాడు. అది ఎప్పటి నుంచో ఉన్న గడి కాదు. 1920 నుంచి 1940 వరకు అమెరికా జనాభా లెక్కల్లో మనవాళ్ల రేసు ‘హిందూ’. సిక్కయినా, ముసల్మానయినా ‘హిందూ’యే. భగత్‌సింగ్ థింద్ అనే పంజాబీ సిక్కు మొదటి ప్రపంచయుద్ధంలో అమెరికా సైన్యంలో పనిచేశాడు. తాను ఆర్యుణ్ని కాబట్టి తెల్లవాళ్లలో లెక్క, పౌరసత్వం ఇవ్వండని కోర్టుకెక్కాడు. 1923లో అక్కడి సుప్రీంకోర్టు పండితుల వర్గీకరణలను పక్కనపెట్టింది. మామూలు మనిషి దృష్టిలో ఇతడు తెల్లవాడు కాడు, కాబట్టి కాడు అని తేల్చింది. 1970 లెక్కల్లో మాత్రం భారతీయులను తెల్లవాళ్ల కింద వేశారు. 1980కి వచ్చేసరికి ‘ఏషియన్ ఇండియన్’ అనే గడి పుట్టింది. అంటే ఒక్క మనిషి అరవై ఏళ్లు అక్కడ బతికి ఉంటే, ఒంటి రంగు ఏమీ మారకుండానే మూడు రేసులు మారి ఉండేవాడు.

గడి మారినంత మాత్రాన చూపు మారదు. 2017 ఫిబ్రవరి 22న కాన్సాస్ రాష్ట్రం ఓలేత్‌లో కూచిభొట్ల శ్రీనివాస్‌ను కాల్చి చంపినవాడు ‘మా దేశం నుంచి పొండి’ అని అరిచాడు. తాను కాల్చింది ఇరాన్‌వాళ్లనని తర్వాత ఒకచోట చెప్పుకున్నాడు. ఇంజనీరు, హైదరాబాదువాడు, తెలుగువాడు అన్నవేవీ ఆ కళ్లకు కనబడలేదు. రేసు అనేదానికి ఇంతకన్నా కచ్చితమైన నిర్వచనం నాకు పుస్తకాల్లో దొరకలేదు. ఎదుటివాడు మన శరీరాన్ని చూసి, మనల్ని అడగకుండా, మన మీద రాసే రాత అది. ఎత్నిసిటీ అలా కాదు. భాష, పాట, పెళ్లితంతు, దేవత, పూర్వీకుల కథ — వీటిని పట్టుకొని ఒక సమూహం ‘మేము’ అనుకోవడం ఎత్నిసిటీ. ఈ రెండింటికీ మధ్య గోడ పలచన. ‘మేము’ అని వాళ్లనుకున్న దాన్నే ‘వాళ్లింతే’ అని బయటివాడు తిరగేస్తే అది రేసుగా మారుతుంది.

ఇక రక్తం సంగతి. 1972లో రిచర్డ్ లెవాంటిన్ అనే జన్యుశాస్త్రవేత్త లెక్కగట్టాడు: మనుషుల మధ్య ఉన్న జన్యు వైవిధ్యంలో దాదాపు 85 శాతం ఏ ఒక్క జనసమూహంలోనైనా లోలోపలే ఉంటుంది, రేసులనబడే వాటి మధ్య మిగిలేది చాలా కొద్ది. మన దగ్గరి పని ఇంకా ఆసక్తికరం. హైదరాబాదులోని సీసీఎంబీ పరిశోధనశాల నుంచి లాల్జీ సింగ్, తంగరాజ్ బృందం అమెరికా శాస్త్రవేత్తలతో కలిసి 2009లో ఒక పరిశోధన ప్రచురించింది. భారతీయులు దాదాపు అందరూ రెండు ప్రాచీన జనధారల కలయికేనని తేల్చింది. ఆ కలయిక సుమారు 4,200 నుంచి 1,900 ఏళ్ల కిందటి వరకు సాగిందని, ఆ తర్వాత కులాల లోపలి పెళ్లిళ్లు గట్టిపడ్డాయని 2013లో మరో పరిశోధన చెప్పింది. పై కులమూ అదే కలగూర, కింది కులమూ అదే కలగూర. పాళ్లలోనే తేడా.

లోపలి పెళ్లిళ్లు ఎంత గట్టివంటే, వాటి గుర్తు ఆపరేషన్ థియేటర్ దాకా వస్తుంది. మన తెలుగు వైశ్య కుటుంబాల్లో కొందరికి ఒక ఎంజైము లోపం మిగతావాళ్ల కంటే చాలా ఎక్కువగా కనబడుతుంది. కండరాలు సడలించడానికి ఇచ్చే ఒక మందు వాళ్లకు త్వరగా విరగదు, ఊపిరి ఆలస్యంగా తిరిగొస్తుంది. అది వేరే జాతి కావడం వల్ల వచ్చింది కాదు. తరతరాలుగా గీత దాటని పెళ్లిళ్ల వల్ల వచ్చింది. రక్తం వేరని పెళ్లి కట్టుబాట్లు పుట్టలేదు, కట్టుబాట్లే రక్తంలో గీత గీశాయి. మిర్యాలగూడలో 2018 సెప్టెంబరు 14న కులం దాటి పెళ్లి చేసుకున్న ప్రణయ్‌ను చంపించినవాళ్లు ఆ గీతను కాపాడుతున్నామనే అనుకున్నారు. అబ్బాయినీ అమ్మాయినీ పక్కపక్కన నిలబెడితే ఎవరిదే కులమో ముక్కూ ముఖమూ చెప్పవు.

ముక్కు మాట వచ్చింది కాబట్టి ఆ ప్రహసనం కూడా చెప్పాలి. 1901 జనాభా లెక్కల కమిషనర్ హెర్బర్ట్ రిస్లీ, ముక్కు ఎంత సన్నగా ఉంటే కులం అంత పెద్దదనే సిద్ధాంతం చేశాడు. మద్రాసు మ్యూజియం అధికారి ఎడ్గార్ థర్‌స్టన్ కొలత పరికరాలు పట్టుకొని దక్షిణదేశమంతా తిరిగాడు. పుర్రెలూ ముక్కులూ కొలిచి, 1909లో ఏడు సంపుటాలు అచ్చేయించాడు. ఆ సంపుటాల్లో పనికొచ్చే సమాచారం ఉంది, కాదనను. పెళ్లిళ్లు, సామెతలు, వృత్తి రహస్యాలు శ్రద్ధగా రాసుకున్నాడు. కానీ ఆ కొలతలు ఎవరి కొంప ముంచాయో అంబేద్కర్ చూపించాడు. 1932లో సమాజశాస్త్రవేత్త ఘుర్యే విశ్లేషించిన ఈ ముక్కు లెక్కలనే తీసుకొని, 1948లో వచ్చిన అంటరానివారి చరిత్ర గ్రంథంలో, బ్రాహ్మణుడిదీ అంటరానివాడిదీ ఒకే జాతి అని తేల్చాడు. కులం జాతి విభజన కాదు, ఒకే జాతి ప్రజల సామాజిక విభజన అని 1936 నాటికే చెప్పి ఉన్నాడు. కొలిచినవాళ్ల లెక్కతోనే కొలిచినవాళ్లను ఓడించాడు.

ఇప్పుడు ఇంటికొద్దాం. దేవరకొండ నుంచి సూర్యాపేట దాకా మన చుట్టూ ఉన్న తండాల కంటే ఈ విషయానికి మంచి పాఠం ప్రపంచంలో ఎక్కడుందో నాకు తెలియదు.

లంబాడాలు ఎద్దుల మీద ధాన్యం, ఉప్పు వేసుకొని దేశమంతా తిరిగిన వ్యాపారులు. మొగలుల సేనలకూ, తర్వాత ఆంగ్లేయుల సేనలకూ తిండిగింజలు చేరవేసింది వీళ్లే. వీళ్లు లేకుంటే దక్కన్ యుద్ధాల్లో సగం ఆకలితోనే ఆగిపోయేవి. 1874లో వాడి నుంచి సికింద్రాబాదుకు రైలొచ్చింది. రైలు, కొత్త రోడ్లు, ఉప్పు మీద సర్కారు పట్టు కలిసి ఎద్దుబిడారాలను తినేశాయి. సరిగ్గా ఆ కాలంలోనే, 1871లో, బ్రిటిష్ ఇండియాలో నేరస్థ తెగల చట్టం పుట్టింది. బతుకుదెరువు పోయి తిరుగుతున్న జనాన్ని ‘పుట్టుకతో నేరస్థులు’ అన్నది ఆ చట్టం. పేర్లు నమోదు చేసుకోవాలి, ఠాణాలో హాజరు వేయించుకోవాలి, ఊరు దాటాలంటే కాగితం కావాలి. ఎరుకల వాళ్ల కోసం బాపట్ల దగ్గర స్టువర్టుపురం వెలిసింది ఈ చట్టం పుణ్యానే. నిజాం ఇలాకా మీదా దీని నీడ పడింది. 1952 ఆగస్టు 31న ఆ చట్టం రద్దయింది. రద్దయి డెబ్బై ఏళ్లు దాటినా, ఎక్కడ దొంగతనం జరిగినా ముందు ఏ గుడిసె తలుపు తడతారో మీకు నేను చెప్పక్కరలేదు.

రేసు తయారయ్యే పద్ధతి ఇదే. ముందు బతుకు తీసేస్తారు. తర్వాత ఆ బతుకులేనితనానికి పుట్టుకే కారణమని రాస్తారు.

మన జిల్లా దీనికి ఇంకో ఉదాహరణ కూడా ఇచ్చింది. చెప్పడానికి నాకు సంకోచంగానే ఉంది. 1999, 2001 ప్రాంతాల్లో దేవరకొండ, చందంపేట తండాల నుంచి ఆడశిశువులు చేతులు మారి దత్తత కేంద్రాలకు చేరిన వ్యవహారం బయటపడింది. ‘లంబాడోళ్లు పిల్లల్ని అమ్ముకుంటరు, ఆ జాతే అంత’ అన్నవాళ్లలో చదువుకున్నవాళ్లే ఎక్కువ. బోర్లు ఎండిన సంగతి, వలసల సంగతి, ఒకప్పుడు పిల్లకు ఓలి ఇచ్చి చేసుకున్న ఇళ్లలోకి మన నుంచే కట్నం వచ్చిన సంగతి, కొనేవాడి డబ్బు ఎక్కడి నుంచి వచ్చిందన్న సంగతి ఎవరికీ పట్టలేదు. అమ్మినవాళ్లకే జాతి ఉంటుంది. కొన్నవాళ్లకు జాతి ఉండదు. ఈ తండాలవాళ్లే జనగామ దగ్గరి ధర్మాపురంలో విసునూరు దేశ్‌ముఖ్ మీద భూమి కోసం నిలబడ్డారనీ, సాయుధ పోరాటంలో ఠాణు నాయక్ ప్రాణమిచ్చాడనీ ‘ఆ జాతి’ ఖాతాలో ఎవరూ రాయరు. జనగామ అప్పుడు నల్లగొండ జిల్లాలోదే.

నకిరేకల్ బస్టాండు బయట ఒక మధ్యాహ్నం చూసిన సంగతి. అవ్వ, బిడ్డ, మనుమరాలు బత్తాయిల బండి దగ్గర నిలబడ్డారు. అవ్వ ఒంటి మీద అద్దాలు కుట్టిన పేట్యా, కాంచళి, మోచేతి పైదాకా గాజులు. ఒకప్పుడు అవి దంతపువి, ఇప్పుడు ప్లాస్టిక్‌వి. బిడ్డది పాలిస్టర్ చీర. మనుమరాలిది కాలేజీ యూనిఫారం, మెడలో ఐడీ కార్డు. అవ్వ ధర అడిగితే బండివాడు ఆమె వైపు చూడకుండానే, ‘కొంటే కొను, లేకుంటే జరుగు’ అన్నాడు. మనుమరాలు దగ్గరకు రాగానే ‘ఎన్ని కావాలమ్మా?’ అన్నాడు. పిల్ల వెనక్కి తిరిగి అవ్వతో తమ లంబాడీ భాష గోర్‌బోలిలో ఏదో అడిగింది. అతని ముఖం మారింది. ‘మీరు కూడా లంబాడోళ్లేనా?’ అన్నాడు. ‘అవునన్నా, రెండు కిలోలు జోకు’ అంది ఆ పిల్ల. ముగ్గురిదీ ఒకే రక్తం, ఒకే రంగు. బండివాడి కంటికి అవ్వ ఒక జాతి, మనుమరాలు ఇంకో జాతి. నోరు తెరిచిన తర్వాత మాత్రమే ఇద్దరూ ఒకటయ్యారు. బండివాడు చెడ్డవాడని నేననను. కాన్సాస్ నుంచి బస్టాండు దాకా కళ్లకు నేర్పిన పాఠం ఒకటే.

సర్కారు రాత కూడా ఇంతే విచిత్రం. ఇదే లంబాడా మనిషి తెలంగాణలో షెడ్యూల్డు తెగ, కర్ణాటకలో షెడ్యూల్డు కులం, మహారాష్ట్రలో విముక్త జాతి. ఆంధ్ర ప్రాంతంలో సుగాలీలని పిలిచే వీళ్లు ముందే తెగల జాబితాలో ఉన్నారు. తెలంగాణ వాళ్లు చేరింది 1976 సవరణ చట్టంతో. బీదరు దాటినా, నాందేడు దాటినా మనిషి అదే, దేవత అదే, పాట అదే, సర్టిఫికెట్ వేరు. తెనాలిలో పుట్టి చిన్నప్పుడే బొంబాయి వెళ్లిన మర్రి చంద్రశేఖరరావు అక్కడ మెడికల్ సీటు అడిగాడు. ఆయన గౌడు తెగ ఆంధ్రప్రదేశ్‌లో ఎస్టీ. ఆ హోదా రాష్ట్రం దాటి రాదని 1990లో సుప్రీంకోర్టు తీర్పిచ్చింది. చట్టపరంగా కోర్టు చెప్పింది సబబే కావచ్చు. వెనుకబాటు అనేది స్థలాన్ని బట్టి ఉంటుందని దాని వాదన. కానీ ఆ వాదనలోనే ఒప్పుకోలు ఉంది: తెగ అనేది ఒంట్లో ఉండేది కాదు, ఒక చోట ఒక చరిత్ర వల్ల ఏర్పడేది.

ఇక్కడే ఆదిలాబాదు గొడవ. 2017 నుంచి గోండు, కోలాం మిత్రులు లంబాడాలను ఎస్టీ జాబితా నుంచి తీసేయాలంటున్నారు. 1965 నాటి లోకుర్ కమిటీ తెగకు కొన్ని గుర్తులు పెట్టింది: ఆదిమ లక్షణాలు, ప్రత్యేక సంస్కృతి, మారుమూల నివాసం, బయటివాళ్లతో కలవడానికి బెరుకు, వెనుకబాటు. ఢిల్లీ నుంచి దక్కన్ దాకా బేరాలు చేసిన జనానికి బెరుకెక్కడిది అని అడిగితే జవాబు లేదు. నిజానికి ఈ గుర్తులే తప్పు. మన నల్లమల చెంచులను చూడండి. 1943లో మానవశాస్త్రవేత్త హైమెన్‌డార్ఫ్ వాళ్ల మీద పుస్తకం రాసే నాటికే వాళ్ల భాష తెలుగు. భాషే కొలమానమైతే చెంచులు తెగ కారు, లంబాడాలు తెగ. ఏకాంతమే కొలమానమైతే తిరగబడుతుంది. లంబాడాలు తెలంగాణ గిరిజనుల్లో సగం కంటే ఎక్కువ. ఉద్యోగాల్లో వాటా వాళ్లకే ఎక్కువ పోతోందన్న కోలాం యువకుడి బాధ నిజం. దాన్ని వాటా గొడవగా, లోపలి పంపకం గొడవగా మాట్లాడుకుంటే పరిష్కారం ఉంది. ‘అసలు గిరిజనుడెవడు’ అని రక్తం పరీక్షకు దిగితే ఇద్దరూ రిస్లీ దగ్గరికే పోతారు.

చివరిగా, ఈ సభలో ఉన్న ఉపాధ్యాయులకు ఒక పని అప్పగిస్తాను. 2011 జనాభా లెక్కల్లో లంబాడీ మాతృభాషగా చెప్పినవాళ్లు దేశమంతటా 32 లక్షల మందికి పైనే. అచ్చయిన పట్టికలో వాళ్లు ఎక్కడున్నారో తెలుసా? హిందీ కింద. గోర్‌బోలి మాట్లాడే మన తండా అవ్వ ఢిల్లీ పట్టికలో హిందీ మనిషి. ఆ పట్టికను ఇక్కడి నుంచి మనం మార్చలేకపోవచ్చు. కానీ దానికి అన్నం పెట్టే మొదటి కాగితం మన చేతిలోనే ఉంటుంది. 2027 లెక్కలకు ఇంటింటికీ తిరగబోయేది చాలావరకు మీరే. తండాకు పోయినప్పుడు, పిల్లలు తెలుగు మీడియం కదా అని మాతృభాష గడిలో తెలుగు అని మీరే రాసేయకండి. గుమ్మం ముందు కూర్చోండి. అవ్వనే అడగండి, ఆమె ఏం చెబితే అదే రాయండి.