సాలగ్రామము చెప్పిన హిమాలయ వృత్తాంతము
(రజతోత్సవ సభలో చేసిన ప్రసంగము)



గ్రామపు లెక్కలు వ్రాసికొనుచు, తీరికవేళల కావ్యములు చదువుకొనిన నావంటివానిని హిమాలయములను గూర్చి మాటలాడుమని కార్యదర్శిగారు కోరిరి. ఆ పర్వతములను నేను చూచి యెరుగను. అయినను వాని తునక యొకటి మా దేవతార్చన పెట్టెలో గలదు. అదియే సాలగ్రామము. మీలో కొందరి యిండ్లలోను ఉండును.

ఆ శిల నేపాళములోని కాళీగండకీ నదిలో దొరకును. ఆ నది టిబెట్టు సరిహద్దు చెంత ముస్తాంగు ప్రాంతమున పుట్టి, 8,167 మీటర్ల ధవళగిరికిని, 8,091 మీటర్ల అన్నపూర్ణకును నడుమ లోతైన లోయగుండ దక్షిణమునకు దిగును. ఎగువనున్న నల్లని పలకరాళ్లు మంచునకు, వానకు చెదరగా, వానిలోని గుండ్లు ఏటబడి దొర్లి నునుపెక్కును. లోపల చుట్టలు తిరిగిన గుల్ల గుర్తు కానవచ్చును. దానిని మనము చక్రమని మ్రొక్కుదుము. వజ్రకీటము తొలిచినదని పెద్దలు చెప్పుదురు. భూగర్భశాస్త్రజ్ఞులు అమ్మోనైటు అందురు. అది నత్తవలె చుట్టగుల్ల గలిగి, ఆక్టోపసునకు జ్ఞాతియైన సముద్రజీవి. ఆ జాతి 6 కోట్ల 60 లక్షల యేండ్ల క్రిందటనే నశించినది.

సముద్రజీవి కొండపై కెట్లెక్కినది? అది యెక్కలేదు, సముద్రపు నేలయే లేచినది. పూర్వము అచ్చట టెథిస్ అను సముద్రముండెడిది. చచ్చిన జీవుల గుల్లలు అడుగు బురదలో కూరుకొని, బురదతోపాటు రాయియైనవి. సుమారు 5 కోట్ల యేండ్ల క్రిందట మన భారతభూఖండము దక్షిణమునుండి జరిగివచ్చి ఆసియాను ఢీకొనగా, నడుమ చిక్కిన ఆ నేల గోడకు నెట్టిన చాపవలె ముడుతలుపడి పైకి లేచినది. 2020లో 8,848.86 మీటర్లుగా ప్రకటింపబడిన ఎవరెస్టు కొన సైతము సముద్రజీవుల అవశేషములు గల సున్నపురాయియే.

ఆ త్రోపుడు నేటికిని ఆగలేదు. ఏటికి కొన్ని సెంటీమీటర్ల చొప్పున సాగుచునే యున్నది. లోపల పేరుకొనిన బిగువు వీడినపుడు భూమి కంపించును. 2015 ఏప్రిల్ 25వ తేదీ భూకంపమున దాదాపు 9,000 మంది మరణించిరి. పొలముల హద్దులు కదలవని నమ్మి లెక్కలు వ్రాసిన నాకు, ఇది చదివిననాడు కలము సాగలేదు.

ఈ సంగతి మా తల్లిగారికి చెప్పుటకు జంకితిని. ఆమె భక్తికి భంగమగునేమో యని భయము; దాచినచో అసత్యమాడినట్లని బాధ. కడకు చెప్పితిని. ఆమె కొంతసేపు ఊరకుండి, “అన్ని కోట్ల యేండ్లు నిలిచి మన యింటికి వచ్చినదా, నాయనా!” అని మరియొక తులసిదళము దానిపై నుంచినది. తెలిసికొనుట వలన భక్తి తరుగదని నాకు ఆనాడు తెలిసినది.

మనుచరిత్రమున ప్రవరుడు పాదలేపముతో హిమాలయము చేరెను. మంచునకు లేపము కరగి, దాని బలమున తిరిగి రాలేకపోయెను. పుస్తకము కరగని లేపము. ఇరువదియైదేండ్లుగా ఈ గ్రంథాలయము దానిని మనకు పంచుచున్నది. మన పిల్లల పాదములకును పూయుదము. సెలవు.