‘అసంతృప్త’ అంటే ఏం సార్?

(స్వర్ణోత్సవాల సందర్భంగా పూర్వ విద్యార్థుల సభలో చేసిన ప్రసంగ పాఠం)

 

కార్యదర్శి నాకు ఫోన్ చేసి, “అన్నా, నువ్వు ఇన్నేళ్లు నూనెల ల్యాబులో పనిచేసినావు కదా. పిల్లలకు పనికొచ్చేది ఏదైనా ఒక ఇరవై నిమిషాలు చెప్పు. రైళ్ల ముచ్చట్లు మాత్రం వద్దు, అవి అందరూ చెప్తారు” అన్నాడు. గుంతకల్లు జంక్షన్లో పుట్టి పెరిగినవాణ్ని రైలెక్కకుండా మాట్లాడమంటే కష్టమే. అయినా ఒప్పుకున్నాను. ఈ బడిలో నేను నేర్చుకున్న ఒకే ఒక్క మాట గురించి చెప్తాను. ఆ మాట ‘అసంతృప్త’.

పదో తరగతిలో కర్బన రసాయన శాస్త్రం పాఠం. మా సైన్సు సారు బోర్డు మీద రెండు మాటలు రాసినారు. సంతృప్త హైడ్రోకార్బన్లు, అసంతృప్త హైడ్రోకార్బన్లు. వెనక బెంచీ నుంచి మావాడొకడు లేచి, “సార్, కార్బన్‌కు కూడా అసంతృప్తి ఉంటుందా సార్? దానికేం తక్కువైంది?” అన్నాడు. క్లాసంతా నవ్వింది. సారు కోప్పడలేదు. ఇద్దరు పిల్లల్ని పిలిచి ఎదురెదురుగా నిలబెట్టినారు.

“కార్బన్‌కు నాలుగు చేతులనుకోండి. ఇద్దరూ ఒక్కొక్క చేత్తో ఒకరినొకరు పట్టుకున్నారు. మిగిలిన మూడేసి చేతులతో మూడేసి హైడ్రోజన్లను పట్టుకున్నారు. ఇంకొకరు వచ్చినా పట్టుకోడానికి చెయ్యి ఖాళీ లేదు. ఇది ఈథేన్, సంతృప్తం. ఇప్పుడు ఇద్దరూ రెండేసి చేతులతో ఒకరినొకరు పట్టుకోండి. ఒక్కొక్కరికి మిగిలింది రెండేసి హైడ్రోజన్లే. ఇది ఇథిలీన్. బయటినుంచి ఎవరైనా వస్తే ఆ రెండు పట్లలో ఒకటి వదిలి, వచ్చినవాళ్లను పట్టుకోగలరు. ఇది అసంతృప్తం. చేతులు తక్కువై కాదురా, ఇంకా పట్టుకునే చోటు ఉంది కాబట్టి.”

ఆ చివరి వాక్యం నాకు జీవితాంతం అన్నం పెట్టింది.

మరుసటి రోజు సారు మమ్మల్ని ఇంటినుంచి రెండు నూనెలు తెమ్మన్నారు. గానుగలో ఆడించిన చెనిక్కాయ నూనె, కొబ్బరి నూనె. రెండు గొట్టాల్లో సమానంగా పోసి, వేడినీళ్ల గ్లాసులో నిలబెట్టి, ప్రథమ చికిత్స పెట్టెలోని టింక్చర్ అయోడిన్‌ను లెక్కపెట్టి చుక్కలు వేసినారు. చెనిక్కాయ నూనెలో ఎర్రటి రంగు మెల్లగా వెలిసిపోయింది. కొబ్బరి నూనెలో చాలాసేపు అట్లే నిలిచింది. “చూసినారా, ఏ నూనెకు చోటు ఎక్కువుందో ఆ నూనె అయోడిన్‌ను మింగేసింది” అన్నారు సారు. చలికాలం పొద్దున కొబ్బరి నూనె సీసాలో గడ్డకట్టి, చెనిక్కాయ నూనె పారుతూనే ఎందుకుంటుందో కూడా ఆ రోజే తెలిసింది. సంతృప్త కొవ్వు ఆమ్లాల గొలుసులు తిన్నగా ఉండి ఒకదాన్నొకటి ఆనుకుని పేరుకుంటాయి. ద్విబంధం ఉన్నచోట గొలుసు వంగుతుంది, ఆనుకోలేదు, అందుకే నూనెగా మిగులుతుంది.

ఇక ఈ మాట వాడుక గురించి. పిల్లలూ, ఇది మీకోసం. పరీక్షల్లో తికమకపడేది ఇక్కడే.

ఇంగ్లీషులో ‘అన్‌శాచురేటెడ్’ అంటారు. దాని మూలం లాటిన్‌లో ‘కడుపు నిండిన’ అనే అర్థమున్న మాట. మనవాళ్లు సంస్కృతం నుంచి ‘తృప్తి’ తీసుకుని ‘సంతృప్త’ అన్నారు. 1968లో తెలుగు అకాడమీ ఏర్పడి ఇంటర్, డిగ్రీ పుస్తకాలు తెలుగులో వేసినాక, ఈ మాటే పైతరగతుల్లోనూ మాకు తోడొచ్చింది. మంచి అనువాదమే, ఒక చిక్కుతో. ఉప్పునీళ్ల పాఠంలో ‘సంతృప్త ద్రావణం’ అని కూడా చదువుతారు కదా. అక్కడ అర్థం వేరు. ఆ వేడి దగ్గర ఆ నీళ్లు ఇక ఉప్పును కరిగించుకోలేవని అర్థం. నీళ్లను వేడిచేస్తే ఇంకొంచెం కరుగుతుంది. ఈథేన్‌ను ఎంత వేడిచేసినా ఇంకో హైడ్రోజన్‌ను చేర్చుకోదు. ఒకటి కరిగే హద్దు, ఇంకొకటి బంధాల లెక్క. ఈమధ్య ఆఫీసుల్లో ‘శాచురేషన్ పద్ధతిలో పథకం’ అంటున్నారు, అంటే అర్హులెవరూ మిగలకుండా అని. అది మూడో అర్థం. మాట ఒకటే, చోటును బట్టి అర్థం.

ఇంకో చిక్కు. ఒక అణువుకు ఎన్ని హైడ్రోజన్లు తక్కువున్నాయో లెక్కగట్టే సూత్రం ఉంది. కార్బన్ల సంఖ్యను రెండుతో గుణించి, రెండు కలిపి, హైడ్రోజన్లను తీసేసి, సగం చెయ్యాలి. ఆరు కార్బన్లు, పన్నెండు హైడ్రోజన్లు ఉంటే జవాబు ఒకటి. దీన్ని అసంతృప్తత స్థాయి అంటారు. కానీ ఆ ‘ఒకటి’ ద్విబంధం కావచ్చు, వలయమూ కావచ్చు. హెక్సీన్‌లో ద్విబంధం ఉంది, అయోడిన్‌ను, బ్రోమిన్‌ను పట్టుకుంటుంది. సైక్లోహెక్సేన్‌లో ఆరు కార్బన్లు చుట్టూ చేతులు పట్టుకుని వలయం కట్టుకున్నాయి. సూత్రం ప్రకారం దానికీ రెండు హైడ్రోజన్లు తక్కువే. కానీ బ్రోమిన్ నీళ్లు చూపిస్తే పలకదు. దాన్ని సంతృప్త సమ్మేళనమనే పిలుస్తాం. కాబట్టి కాగితం మీద తక్కువ కనిపించినంత మాత్రాన అసంతృప్తం అని రాయొద్దు. పరీక్ష చేసి చూడాలి.

పరీక్ష అంటే నూనెల విషయంలో అయోడిన్ విలువ. 100 గ్రాముల నూనె ఎన్ని గ్రాముల అయోడిన్‌ను పట్టుకుంటుందో ఆ సంఖ్య. 1884లో హ్యూబుల్ అనే ఆయన ఈ పద్ధతిని తెచ్చినాడు. 1898లో వేస్ అనే ఆయన దాన్ని వేగంగా జరిగేలా మార్చినాడు. ఉత్త అయోడిన్ బద్ధకంగా కలుస్తుంది కాబట్టి ఆయన అయోడిన్ మోనోక్లోరైడ్ వాడినాడు. తూచిన నూనెలో ఆ ద్రావణం పోసి, బిరడా బిగించి చీకట్లో ఉంచుతాం. తర్వాత పొటాషియం అయోడైడ్ వేసి, మిగిలిపోయిన అయోడిన్‌ను సోడియం థయోసల్ఫేట్‌తో కొలుస్తాం. చివర్లో గంజి ద్రావణం వేస్తే వచ్చే నీలిరంగు ఒక్క చుక్కతో పోతుంది. పక్కనే నూనె లేకుండా ఇంకో ఫ్లాస్కు కూడా పెట్టాలి, దాన్ని బ్లాంక్ అంటాం. రెండింటికీ ఉన్న తేడాయే నూనె పట్టుకున్నది.

కొబ్బరి నూనెకు ఈ విలువ 7.5 నుంచి 10. మన చెనిక్కాయ నూనెకు 85 నుంచి 99. అవిసె నూనెకు 170 దాటుతుంది, అందుకే అది గాలిలో ఆక్సిజన్‌ను పట్టుకుని ఆరి పొరకడుతుంది, రంగుల్లో వాడతారు. చెనిక్కాయ నూనెకే 85 నుంచి 99 దాకా అంత వెసులుబాటు ఎందుకంటే, రకాన్ని బట్టి, గింజ ముదిరినదాన్ని బట్టి, ఆ ఏటి కాలాన్ని బట్టి అది మారుతుంది. ఊడలు దిగే వేళ వాన మొహం చాటేస్తే గింజ ఎట్లుంటుందో ఈ సభలో సగం మందికి నేను చెప్పాల్సిన పనిలేదు.

ఇప్పుడు నేను తప్పు చేయబోయిన సంగతి చెప్తాను.

ఉద్యోగంలో చేరిన కొత్త. ఒక వ్యాపారి నుంచి చెనిక్కాయ నూనె శాంపిల్ వచ్చింది. అయోడిన్ విలువ 92 వచ్చింది. హద్దుకు సరిగ్గా నడిమధ్య. సంతోషంగా ‘స్వచ్ఛం’ అని రాసి సంతకం పెట్టబోతున్నాను. మా పెద్ద సారు వెనకనుంచి వచ్చి, “92 అనేది ఎన్ని దారుల్లో వస్తుందో లెక్కేసినావా?” అన్నారు. నాకర్థం కాలేదు. ఆయన కాగితం మీద రాసినారు. పామోలిన్ 56, పొద్దుతిరుగుడు 128. రెండూ సగం సగం కలిపితే ఎంత? 92. దాన్ని చెనిక్కాయ నూనెలో ఎంత కలిపినా ఆ సంఖ్య కదలదు!

“బెల్లియర్ పరీక్ష చెయ్యి” అన్నారు. నూనెను క్షారంతో విడగొట్టి, ఆల్కహాలులో ఆమ్లం కలిపి, మెల్లగా చల్లారుస్తూ ఏ డిగ్రీ దగ్గర మసకబారుతుందో చూడటం. చెనిక్కాయ నూనె 39కి 41కి మధ్య మసకబారాలి. నా గొట్టం 39 దాటి కిందికొచ్చినా తేటగానే ఉంది. పెన్ను మూసి జేబులో పెట్టుకున్నాను. ఆ రాత్రి నిద్ర పట్టలేదు. నా సంతకంతో ఆ డబ్బాలు బజారుకు పోయుంటే, కొన్నవాళ్లు మోసపోయేది ఒక ఎత్తు, చౌక నూనె చెనిక్కాయ పేరుతో అమ్ముడుపోతే మన చేనుగట్టు మీద బుడ్డలకు ధర పడిపోయేది ఇంకో ఎత్తు. ఆ బుడ్డలు పండించేది మా నాయనలాంటివాళ్లే.

ఆ మసక ఎందుకొస్తుందంటే, చెనిక్కాయ నూనెలో కొద్దిపాటి పొడవైన సంతృప్త ఆమ్లాలున్నాయి. అవి ముందుగా గడ్డకడతాయి. వాటిలో ఇరవై కార్బన్లున్నదాని పేరు అరాకిడిక్ ఆమ్లం. వేరుశనగ మొక్క శాస్త్రీయ నామం అరాకిస్ హైపోజియా, ఆ పేరే దీనికి పెట్టినారు. అంటే మన పంట పేరు మోసేది, కల్తీని పట్టిచ్చేది నూనెలో అతి తక్కువగా ఉన్న సంతృప్త భాగం! అసంతృప్తం మంచిది, సంతృప్తం చెడ్డది అని టీవీ ప్రకటనలు చూసి అనుకునేవాళ్లకు నేను ఈ సంగతే చెప్తాను. రసాయన శాస్త్రంలో అవి మంచి చెడ్డల మాటలు కావు. చోటుందా లేదా అని చెప్పే మాటలు.

చోటున్నప్పుడు ఎవరొచ్చి కూర్చుంటారన్నదే అసలు ప్రశ్న. హైడ్రోజన్ వచ్చి కూర్చుంటే నూనె వనస్పతి అవుతుంది. ఆ పని సగంలో ఆపితే కొన్ని ద్విబంధాలు వంపు పోగొట్టుకుని ట్రాన్స్ కొవ్వులుగా మారతాయి, గుండెకు చేటు. అందుకే 2022 జనవరి నుంచి మన దేశంలో నూనెలు, కొవ్వుల్లో వాటిని 2 శాతానికి మించనివ్వరు. ఆక్సిజన్ వచ్చి కూర్చుంటే నూనె కంపు కొడుతుంది. లినోలీయిక్ ఆమ్లంలో రెండు ద్విబంధాలు, ఓలీయిక్ ఆమ్లంలో ఒక్కటే. అందుకే ఓలీయిక్ ఎక్కువున్న నూనె ఎక్కువకాలం నిలుస్తుంది. 2020లో విడుదలైన గిర్నార్-4, గిర్నార్-5 వేరుశనగ రకాల్లో ఓలీయిక్ దాదాపు 80 శాతం. జునాగఢ్ వేరుశనగ పరిశోధన కేంద్రం మన పటాన్‌చెరువులోని ఇక్రిశాట్‌తో కలిసి తెచ్చిన రకాలు అవి.

ఉగ్గాని బజ్జీ లేకుండా గుంతకల్లులో తెల్లారదు. నేనూ తింటాను. కానీ బాణలిలో నిన్నటి నూనెకే ఇవాళ కొత్త నూనె కలిపి, నల్లబడి నురగ కట్టేదాకా కాచే చోట తినొద్దు. కాగినకొద్దీ ఆ ద్విబంధాల దగ్గరే విరుగుళ్లు, అతుకులు జరుగుతాయి. అట్లా పుట్టే పదార్థాలు 25 శాతం దాటితే ఆ నూనెను పారబోయాలన్నది నియమం. ఇంట్లో అక్కలు, అమ్మలు పాటించినా అంతే మేలు.

ముగిస్తాను. ఆ రోజు, దానికేం తక్కువైంది అని అడిగిన మావాడి సంగతి చెప్పాలి. పదో తరగతి అయినాక వాడు చదువు ఆపేసినాడు. వరసగా రెండేళ్లు పంట పోయింది. వాళ్లింట్లో పెద్దకొడుకు. వలస పోయినాడు. నాకంటే చురుకైనవాడు. ప్రశ్న వాడిది, జవాబుతో బతికింది నేను. వాడికి చేతులు తక్కువ కాలేదు, పట్టుకునేవాళ్లు దొరకలేదు. ఇవాళ్టికీ మనకు అనంతపురంలో నూనెల సాంకేతిక పరిశోధన సంస్థ ఉంది. మన బడిలో చదివే పిల్లల్లో ఎంతమందికి అది తెలుసు?

అందుకే సంఘానికి ఒక విన్నపం. స్వర్ణోత్సవాల గుర్తుగా ఆర్చీ కట్టే ఆలోచన ఉందని విన్నాను. వద్దనను. దాంతోపాటు బడి ప్రయోగశాలకు ఇరవై బ్యూరెట్లు, ఒక మంచి త్రాసు, రసాయనాలకు ఏటా కొంత డబ్బు ఇద్దాం. ఏటా ఒకరోజు పిల్లలు ఇంట్లోని నూనె తెచ్చి తామే పరీక్షించుకోవాలి. నేర్పడానికి నేనొస్తాను, నాతోపాటు ల్యాబులో పనిచేసి రిటైరైన ఇద్దరిని తీసుకొస్తాను. ఖర్చుల లెక్క రాసి కార్యదర్శికి ఇచ్చినాను. ఇంకొకటి, పంట పోయిన ఏడు ఏ పిల్లవాడైనా బడి మానబోతున్నాడని తెలిస్తే సారువాళ్లు మాకు ఒక్క ఫోన్ చెయ్యండి. పట్టుకోడానికి మేమున్నాం.

మా సారు ఇవాళ ఈ సభలో లేరు. ఉండుంటే, “చుక్కలు లెక్కపెట్టినావా?” అని అడిగేవారు. లెక్కపెట్టినాను సార్.