రేడియో అన్నయ్య

మన తెలుగునాట తన కల్పనాశక్తిని బాలలకై ధారవోసిన మహనీయుడు న్యాయపతి రాఘవరావుగారు.

1905లో బరంపురమున జన్మించిన ఆయన, 1938లో వెలసిన మదరాసు రేడియో కేంద్రమున, సహధర్మచారిణి కామేశ్వరిగారితో గూడి బాలల కార్యక్రమమును తీర్చిదిద్దిరి. పిల్లలే మైకు చుట్టును జేరి, పాడుచు, కథలు చెప్పుచు, నాటికలాడుచు, మాటకు మాట యందించుచుండ, ఆ దంపతులు వారినడుమ తోబుట్టువులవలె మెలగుటచేతనే రేడియో అన్నయ్య, రేడియో అక్కయ్య అను పేర్లు వారికి శాశ్వతములైనవి. 1940లో ఆంధ్ర బాలానంద సంఘమును, 1945లో ‘బాల’ పత్రికను వారు నెలకొల్పిరి. ఆంధ్రప్రదేశ్ రాష్ట్రావతరణానంతరము హైదరాబాదే వారి కార్యక్షేత్రమైనది. అక్కయ్యగారు 1980లోను, అన్నయ్యగారు 1984లోను దివంగతులైరి.

ఆ దంపతులు చూపిన బాట నేడు మనకును ఆదర్శము. గోదావరికి ఇరుగడలనున్న మన పూర్వపు ఉమ్మడి కరీంనగర, ఆదిలాబాదు జిల్లాలందు తెలుగు, ఉర్దూ, గోండి, కొలామి భాషలు పలుకు బాలలు కలరు. వారి ప్రతి భాషయందును పాటయు, కథయు, పొడుపుకథయు సమృద్ధిగా నున్నవి. ఉపాధ్యాయులారా! వారమున కొక్కగంటయైన పిల్లలను వలయముగా గూర్చుండబెట్టి, వారి భాషలోనే వారిని నిర్భయముగా మాటాడనిండు. అన్నయ్యగారికి మనము చెల్లింపగల ఋణమదియే.