గోల్ దగ్గర కావలి



జొన్నచేలో మంచె ఎక్కి వడిసెల తిప్పే కావలివానిని మీరెరుగుదురు. పిట్టలు తిన్న కంకులు ఊరందరికీ కనిపిస్తాయి. అతడు కాపాడిన కంకులను ఎవరు లెక్కిస్తారు? ఫుట్‌బాల్‌లో గోల్‌కీపర్ బ్రతుకు కూడా అంతే.

1935లో హైదరాబాదులో పుట్టిన పీటర్ తంగరాజ్ సంగతి వినండి. మొదట ఆయన గోల్స్ కొట్టే ఫార్వర్డ్. సైన్యంలో, మద్రాసు రెజిమెంటల్ సెంటర్‌లో చేరాక గోల్‌కీపర్ అయ్యాడు. చప్పట్లు వచ్చే చోటు విడిచి నిందలు వచ్చే చోటికి! ఆ తర్వాత కలకత్తాలో మహమ్మదన్ స్పోర్టింగ్, మోహన్ బగాన్, ఈస్ట్ బెంగాల్. చొక్కా రంగు మారింది గాని నిలబడే చోటు మారలేదు. పనికోసం మూట కట్టుకొని ఊరూరా తిరిగిన మన పాలమూరు వారికి ఇది కొత్త సంగతి కాదు.

1962లో జకార్తా ఆసియా క్రీడలు. కోచ్ మన హైదరాబాదు రహీం సాహెబు. తంగరాజ్‌కు జ్వరం. సెమీఫైనల్లో గోల్ కాచినవాడు ప్రద్యుత్ బర్మన్. ఫైనల్‌నాడు రహీం మళ్లీ తంగరాజ్‌నే దింపాడు. దక్షిణ కొరియాపై 2-1తో గెలిచాం, బంగారు పతకం వచ్చింది. 1967లో తంగరాజ్‌కు అర్జున అవార్డు కూడా దక్కింది.

నాకైతే బర్మనే ఎక్కువ గుర్తుకొస్తాడు. ఇంట్లో, సంఘంలో, పనిచోట మీలో ఎందరు అలా గీత బయట కూర్చున్నారో! లోపల నిలబడినవాని మీద మీకు కోపం రాలేదా? ఫైనల్లో బర్మన్ ఆపిన బంతి ఒక్కటీ లేదు. కానీ సెమీఫైనల్లో దక్షిణ వియత్నాంపై మనం గెలిచింది 3-2తో, ఒక్క గోల్ తేడాతో.